భాగ్యరెడ్డివర్మగారు – ఉమ్మడిబావి హక్కు

మాదరి భాగయ్య యను నామముతో 1888వ సంవత్సరము మే 22వ తేదీన హైదరాబాదునందు జన్మించి, భాగ్యరెడ్డివర్మగా ప్రసిద్ధిగాంచిన మహాశయుని చరిత్రము మనకు నిత్యస్మరణీయము. వారు 1906లో జగన్మిత్రమండలిని స్థాపించి, హరికథలద్వారా నిమ్నజాతులవారికి విజ్ఞానము గఱపిరి. 1917లో బెజవాడయందు జరిగిన పంచమమహాసభకు అధ్యక్షులై, తాము పంచములు గారనియు ఈ దేశపు ఆదిజనులనియు చాటి, దానికి ఆదిఆంధ్రమహాసభ యని నామకరణము గావించిరి.

పల్లెలయందు ప్రత్యేకముగ పాఠశాలలును బావులును ఏర్పఱుపవలయునని ఆ సభ దొరతనమువారిని కోరెను. ఊరిబావికడ నిలిచి, ఇతరులు పోయు నీటికై ఎదురుచూచు తల్లులకు సొంతబావి ప్రాణాధారమే. కాని దానివలన ఉమ్మడిబావిపై హక్కు తేలదు.

వర్మగారి జీవితకాలముననే ఆ హక్కు న్యాయస్థానమున కెక్కెను. బొంబాయి రాజధానిలోని మహాడ్ పట్టణమున 1927లో అంబేద్కరుగారు తమవారితోగూడి చౌదారుచెఱువు నీరు త్రాగగా, చెఱువు తమదని కొందఱు వ్యాజ్యము వేసిరి. నిషేధాచారము అనాదిసిద్ధమని ఋజువు కాలేదని 1937 మార్చి 17న హైకోర్టు వారి అప్పీలును కొట్టివేసెను.

వర్మగారు 1939 ఫిబ్రవరి 18న దివంగతులైరి. ప్రభుత్వద్రవ్యముతో పోషింపబడు బావులు, చెఱువులయందు కులభేదము చూపరాదని 1950లో అమలైన రాజ్యాంగము శాసించెను. ఆ శాసనమును ప్రతిగ్రామమునందు నిలుపుటయే వారికి మనమొనర్పదగు నివాళి.