నాలుగు గుర్రాల కోటీశ్వరుడు

ఆల్‌ఫ్రెడ్ గ్విన్ వాండర్‌బిల్ట్ పేరు ఎక్కడ కనిపించినా పక్కనే లూసిటానియా ఓడ ఉంటుంది. నాకు మాత్రం ముందు అతని గుర్రాల గురించి చెప్పాలనుంది. ఆ ఓడ ఎక్కింది కూడా వాటి పని మీదే.

1877లో న్యూయార్క్‌లో పుట్టాడు. ముత్తాత ఓడలూ రైళ్ళూ నడిపి కూడబెట్టిన డబ్బు. 1899లో తండ్రి పోయేనాటికి ఆల్‌ఫ్రెడ్ జపాన్‌లో ఉన్నాడు. తనకి నచ్చని పెళ్ళి చేసుకున్నాడని పెద్దకొడుకు మీద కోపంతో తండ్రి సింహభాగం ఇతనికే రాశాడు. ఇతనేమో అందులోంచి అన్నకి కొంత ఇచ్చాడు. కొంత అంటే మిలియన్లలో లెండి.

హార్స్ షో అంటే రేసు కాదు. గుర్రం నడక, తీరు, బండికి కడితే జత కుదిరిందా, కంచె ఎలా దూకింది అని చూసి జడ్జీలు రిబ్బన్లు ఇస్తారు. 1883లో మొదలైన నేషనల్ హార్స్ షో నవంబరులో మాడిసన్ స్క్వేర్ గార్డెన్‌లో జరిగేది. న్యూయార్క్ ధనవంతుల సీజన్ దాంతోనే మొదలు. బాక్సుల్లో కూర్చున్న ఆడవాళ్ళ గౌన్లూ టోపీలూ మర్నాడు పేపర్లకెక్కేవి. చాలామంది గుర్రాలకి వీపు తిప్పి బాక్సుల్నే చూస్తూ తిరిగేవారు. మన ఫెస్టుల్లో స్టేజీ వదిలేసి వీఐపీ సోఫాల వైపు చూసేవాళ్ళు లేరూ? అదే బాపతు.

ఆల్‌ఫ్రెడ్ మాత్రం బరిలోకి దిగి పగ్గాలు పట్టేవాడు. నాలుగు గుర్రాల కోచ్ బండి తోలడమంటే పిచ్చి. 1907లో లండన్ ఒలింపియా హాల్లో ఇంటర్నేషనల్ హార్స్ షో మొదలయ్యాక అక్కడా తన గుర్రాల్ని దింపాడు. 1908లో వెంచర్ అనే కోచ్‌ని లండన్ నుంచి బ్రైటన్‌కి, 80 కిలోమీటర్ల పైచిలుకు, తనే తోలాడు. దారిలో గుర్రాల్ని మారుస్తూ పోవాలి. టికెట్ కొన్నవాళ్ళెవరైనా ఎక్కొచ్చు! అప్పటికే కార్లు వచ్చేశాయి, అతనికి వాటి సరదా కూడా ఉంది. అయినా పగ్గాలు వదల్లేదు.

అదే ఏడు మొదటి భార్యతో విడాకులు. పేపర్లు దాన్నీ వదల్లేదు, నేను వదిలేస్తున్నా.

1915 మే 1. యుద్ధం నడుస్తోంది. ఈ ప్రయాణాలు ప్రమాదమని జర్మన్ ఎంబసీ హెచ్చరిక ఆ రోజు పేపర్లోనే ఉంది. అయినా హార్స్ షో సంఘం సమావేశం కోసం ఓడెక్కాడు. మే 7న ఐర్లండ్ తీరం దగ్గర టార్పెడో తగిలితే 18 నిమిషాల్లో ఓడ మునిగిపోయింది. అతనికి ఈత రాదు. లైఫ్ జాకెట్ ఎవరో ఆవిడకి ఇచ్చేసి, తన పనివాడితో కలిసి పిల్లల్ని పడవల దగ్గరికి చేర్చాడని బతికొచ్చినవాళ్ళు చెప్పారు. వయసు 37. శవం దొరకలేదు.

ఇంగ్లండ్‌లో హోమ్‌వుడ్ దగ్గర, అతనికి బాగా ఇష్టమైన రోడ్డు పక్కన, కోచ్ బండ్ల స్నేహితులు ఒక రాయి నిలబెట్టారు. ఆ రోడ్డు ఇప్పుడు ఏ24, కార్లు ఆగకుండా పోతుంటాయి.