భూమిలేని విముక్తి వద్దన్న కవి

ఊరు అమ్మితే ఊళ్లోని రైతులు కూడా గొడ్డూగోదాతోపాటే అమ్ముడుపోయే రోజులవి. దొర పొలంలో వెట్టి చెయ్యాలి. దొర సెలవు లేనిదే ఊరు దాటడానికి లేదు, పెళ్లి చేసుకోవడానికీ లేదు. అలాంటి వెట్టి రైతు ఇంట్లో, ఉక్రెయిన్‌లోని మోరింత్సి గ్రామంలో 1814 మార్చి 9న పుట్టాడు తరాస్ షెవ్‌చెంకో.

అది బంగారం పండే నల్లనేల. అందుకే దానిమీద అందరి కన్నూ పడింది. డ్నీపర్ నది కుడిగట్టు 1793 దాకా పోలిష్ ప్రభువుల కింద ఉండేది, తర్వాత జారు చక్రవర్తుల కిందికి పోయింది. జెండా మారింది గాని వెట్టి మారలేదు. 1768లో ఆ ప్రభువులపై రైతులు చేసిన తిరుగుబాటు కథలు తాత నోట వింటూ తరాస్ పెరిగాడు.

తొమ్మిదో ఏట తల్లి పోయింది, పదకొండో ఏట తండ్రి పోయాడు. చర్చి పంతులు ఇంట్లో నీళ్లు మోశాడు, గొర్రెలు కాశాడు. తర్వాత దొర ఎంగెల్‌హార్ట్ అతణ్ణి ఇంటి నౌకరుగా పెట్టుకున్నాడు. రాత్రిపూట కొవ్వొత్తి వెలుగులో దొంగచాటుగా బొమ్మ గీస్తుంటే దొర చూసి కొరడా దెబ్బలు కొట్టించాడు. అయితే ఆ చెయ్యి నాలుగు డబ్బులు సంపాదించి పెడుతుందని తెలిశాక పీటర్స్‌బర్గ్‌లో ఒక చిత్రకారుడి దగ్గర పనికి పెట్టాడు. ఆ కుర్రవాడి పనితనం చూసి రష్యన్ కళాకారులు జాలిపడి ఊరుకోలేదు. బ్రియుల్లోవ్ గీసిన ఒక చిత్రాన్ని లాటరీ వేసి, దొర అడిగిన 2,500 రూబుళ్లు పోగుచేసి, 1838లో విడిపించారు. షెవ్‌చెంకో పగ రష్యన్ జనం మీద కాదు, జారు మీద అని మనం గుర్తుంచుకోవాలి.

1840లో అతని మొదటి కవితా సంపుటి ‘కోబ్జార్’ వెలువడింది. పాలకులు ఉక్రెయిన్‌ను చిన్న రష్యా అనేవారు, దాని భాషను మోటువాళ్ల యాస అని ఈసడించేవారు. ఆ మోటువాళ్ల మాటలోనే అతడు రాశాడు. కాకసస్ కొండజాతులపై జారు సాగించిన దురాక్రమణను దుయ్యబట్టాడు. సోదరత్వం గురించి ఉపన్యాసాలిస్తూ సొంత రైతుల తోలు వలిచే ఉక్రెయిన్ దొరలనూ వదిలిపెట్టలేదు. దొర మనవాడైనంత మాత్రాన వెట్టి తీపెక్కదు గదా!

1847లో అరెస్టు చేశారు. మామూలు సిపాయిగా ఓర్స్క్ కోటకు పంపారు. రాయకూడదు, బొమ్మ గీయకూడదు అని జారు నికోలస్ తన చేత్తో శిక్షకు చేర్చాడు. అయినా షెవ్‌చెంకో చిన్న చిన్న పుస్తకాలు కుట్టుకుని, బూటులో దాచుకుని రాశాడు. 1857లో విడుదలయ్యేసరికి పదేళ్లు గడిచాయి.

1859లో ఊరికి వెళ్తే అన్నదమ్ములు, అక్కచెల్లెళ్లు ఇంకా వెట్టిలోనే ఉన్నారు. వాళ్ల విడుదల కోసం రచయితల సంఘం పూనుకుంది. మనుషులను వదులుతాను, భూమి మాత్రం ఇవ్వనన్నాడు దొర. ఆ షరతుకు ఒప్పుకోవద్దని షెవ్‌చెంకో ఇంటివాళ్లకు రాశాడు. భూమి లేని స్వేచ్ఛ రేపు మళ్లీ ఆ దొర గుమ్మంలోకే ఈడ్చుకొస్తుందని అతనికి తెలుసు. వాళ్లు మాత్రం విసిగిపోయి 1860లో సంతకం పెట్టారు. తప్పు వాళ్లది కాదు, తరాల తరబడి వంగిన నడుము అది.

చివరి రోజుల్లో కూడా రైతుబిడ్డల కోసం సొంత ఖర్చుతో ఉక్రెయిన్ భాషలో అక్షరాల పుస్తకం అచ్చు వేయించాడు. 10,000 ప్రతులు, వెల మూడు కోపెక్కులు. 1861 మార్చి 10న, నలభై ఏడో ఏట కన్నుమూశాడు. వారం తిరక్కుండానే వెట్టి రద్దు ప్రకటన వెలువడింది. కాని భూమికి 49 ఏళ్లు వాయిదాలు కట్టాలన్నారు. ఆయన భయపడిందే జరిగింది!

1876లో జారు ప్రభుత్వం ఉక్రెయిన్ భాషలో పుస్తకాల అచ్చునే నిషేధించింది. 1914లో షెవ్‌చెంకో శతజయంతిని ఆపించింది. జాతులకు విడిపోయే హక్కు ఉందన్న లెనిన్, ఆ నిషేధాన్ని ఎండగట్టాడు. 2022 ఫిబ్రవరిలో పుతిన్, ఉక్రెయిన్ అనే దేశాన్ని పుట్టించిన తప్పు లెనిన్‌దేనని నింద మోపి సేనలను నడిపించాడు. ఆ వసంతంలో బొరొద్యాంకా పట్టణంలోని షెవ్‌చెంకో విగ్రహం తలకు తూటా తగిలింది.

దున్నేవాడి నేలనూ, వాడి నోటి మాటనూ లాక్కునే చెయ్యి ఒకటే. వెట్టివాడి కొడుకు షెవ్‌చెంకో జీవితం చెప్పే పాఠం ఇదే.