కార్మికుల మనిషి వి.వి. గిరి గారు

మన రాష్ట్రపతిగా చేసిన వి.వి. గిరి గారి గురించి రాస్తున్నాను. ఆయన 1894లో బరంపురంలో తెలుగువాళ్ల ఇంట్లో పుట్టారు. ఐర్లండు వెళ్లి లా చదివారు. తిరిగొచ్చాక రైల్వే కార్మికుల సంఘాల్లో పనిచేశారు. బెంగాల్ నాగపూర్ రైల్వేవాళ్లు కార్మికులను పనిలోంచి తీసేస్తే, 1928లో కొట్లాట లేకుండా సమ్మె నడిపారు. కంపెనీ దిగొచ్చింది.

1952లో కేంద్ర కార్మిక మంత్రి అయ్యారు. బ్యాంకు ఉద్యోగుల జీతాల తీర్పును ప్రభుత్వం మార్చేసిందని 1954లో మంత్రి పదవే వదిలేశారు. యజమానీ పనివాళ్లూ ఎదురెదురుగా కూర్చుని మాట్లాడుకోవాలని ఆయన నమ్మకం. 1969లో రాష్ట్రపతి అయ్యారు. 1980లో చనిపోయారు.

మా అమ్మావాళ్లు ఏజెన్సీ నుంచి రాజోలు వైపు వరికోతలకి వస్తారు. కూలి రేటు అవతలివాళ్లే చెబుతారు, వీళ్లు తలూపుతారు. నలుగురూ కలిసి అడగొచ్చని సెలవుల్లో అమ్మకి చెబుతాను. మీరూ మీ ఇళ్లలో చెప్పండి.