కోకా సుబ్బారావు

కోకా సుబ్బారావు (జూలై 15, 1902 - మే 6, 1976) భారత సుప్రీంకోర్టు తొమ్మిదవ ప్రధాన న్యాయమూర్తి. ఆ పదవిని అధిష్ఠించిన తొలి తెలుగువాడు. వ్యక్తిగత స్వేచ్ఛకు సంబంధించిన తీర్పులకు ప్రసిద్ధుడు.

జీవితం

సుబ్బారావు రాజమండ్రిలో జన్మించాడు. మద్రాసులో న్యాయశాస్త్రం చదివి, అక్కడి హైకోర్టులో న్యాయవాదిగా పనిచేసి, 1948లో న్యాయమూర్తి అయ్యాడు. 1954లో గుంటూరులో ఏర్పడిన ఆంధ్ర హైకోర్టుకు, 1956లో హైదరాబాదు కేంద్రంగా ఏర్పడిన ఆంధ్ర ప్రదేశ్ హైకోర్టుకు తొలి ప్రధాన న్యాయమూర్తి ఆయనే. 1958 జనవరిలో సుప్రీంకోర్టుకు వెళ్ళాడు.

ఖరక్ సింగ్ కేసు

ఉత్తర ప్రదేశ్‌కు చెందిన ఖరక్ సింగ్ 1941లో ఒక దోపిడీ కేసులో అరెస్టయి, సాక్ష్యం లేనందున విడుదలయ్యాడు. అయినా పోలీసులు అతని పేర హిస్టరీ షీటు తెరిచి నిఘా పెట్టారు. రాత్రివేళ తలుపు తట్టి నిద్ర లేపుతున్నారని, ఊరు విడిచి వెళితే ముందుగా చెప్పమంటున్నారని అతడు సుప్రీంకోర్టులో పిటిషన్ వేశాడు.

ఆరుగురు న్యాయమూర్తుల ధర్మాసనం 1962 డిసెంబరు 18న తీర్పు చెప్పింది. రాత్రిపూట ఇంటికి వెళ్ళి తనిఖీ చేసే నిబంధనను మాత్రమే అధిక సంఖ్యాకులు కొట్టివేసి, మిగిలిన నిఘాను సమర్థించారు. గోప్యత ప్రాథమిక హక్కు కాదన్నారు. ఇంటి ప్రశాంతతను కాపాడుతూనే గోప్యతను కాదనడం ఈ తీర్పులోని విచిత్రం. సుబ్బారావు, జస్టిస్ జె.సి.షాతో కలిసి, దీనితో విభేదించాడు. గోప్యత వ్యక్తిగత స్వేచ్ఛలో విడదీయరాని భాగమని, వెనుక పోలీసు నీడ ఉన్న మనిషి దారిన నడిచినా స్వేచ్ఛగా నడిచినట్లు కాదని ఆయన అభిప్రాయం. నిఘా నిబంధన మొత్తం రాజ్యాంగ విరుద్ధమని రాశాడు.

తరువాతి కాలం

1966 జూన్ 30న ప్రధాన న్యాయమూర్తి అయ్యాడు. 1967 ఫిబ్రవరిలో గోలక్‌నాథ్ కేసులో, ప్రాథమిక హక్కులను హరించే అధికారం పార్లమెంటుకు లేదని 6-5 ఆధిక్యంతో తీర్పు వెలువడింది. అదే ఏప్రిల్‌లో విదేశీ ప్రయాణమూ వ్యక్తిగత స్వేచ్ఛలో భాగమేనన్న తీర్పు వచ్చింది. దాని ఫలితమే 1967 పాస్‌పోర్టు చట్టం. మరునాడు, ఏప్రిల్ 11న, రాజీనామా చేసి ప్రతిపక్షాల అభ్యర్థిగా రాష్ట్రపతి పదవికి పోటీ చేసి జాకీర్ హుసేన్ చేతిలో ఓడిపోయాడు. న్యాయమూర్తి నేరుగా ఎన్నికల బరిలోకి దిగడం విమర్శలకు గురయింది.

మైనారిటీ అభిప్రాయంగా మిగిలిన ఆయన వాదనకు గుర్తింపు ఆలస్యంగా దక్కింది. 2017 ఆగస్టు 24న పుట్టస్వామి కేసులో 9 మంది న్యాయమూర్తుల ధర్మాసనం గోప్యతను ప్రాథమిక హక్కుగా ప్రకటించి, ఖరక్ సింగ్ తీర్పులో దానిని నిరాకరించిన భాగాన్ని రద్దు చేసింది. తెలుగునాట రౌడీషీట్లను సవాలు చేసే పిటిషన్లలో ఈ కేసు ప్రస్తావనకు వస్తూ ఉంటుంది.