చెన్నపట్నంలో తెలుగు దినపత్రిక

సొంత గడ్డమీదనే పత్రిక నడపడం కష్టసాధ్యమైన పని. చుట్టూ వేరొక భాష మాట్లాడే నగరంలో, మరొక భాషలో పరిపాలన సాగే చోట, మాతృభాషలో పత్రికను నిలబెట్టడం అంతకంటె దుష్కరం. రష్యా చక్రవర్తుల రాజధానియైన సెయింట్ పీటర్స్‌బర్గులో 1727లో ఒక జర్మను పత్రిక పుట్టింది. అక్కడి విజ్ఞానశాస్త్ర అకాడమీయే దానిని తొలుత ప్రకటించింది గనుక పోషణకు కొదువ లేకపోయింది. కాని 1914లో జర్మనీతో యుద్ధం వచ్చేసరికి అది శత్రువుల భాష అయినది. రెండు శతాబ్దాలకు చేరువైన ఆ పత్రికకు ఆ సంవత్సరంతో కాలం తీరింది. సరిగ్గా ఆ ఏడే, ఏప్రిల్ 1వ తేదీన, చెన్నపట్నంలో ఆంధ్రపత్రిక దినపత్రికగా వెలువడింది. దాని వెనుక ప్రభుత్వమూ లేదు, అకాడమీయూ లేదు. ఉన్నదల్లా ఒక తలనొప్పి మందు!

ఆ మందుకూ, ఆ పత్రికకూ కర్త కాశీనాథుని నాగేశ్వరరావు పంతులు. ఆయన 1867లో కృష్ణా జిల్లా ఎలకుర్రు గ్రామంలో జన్మించినారు. బందరులో చదివి, చెన్నపట్నం క్రైస్తవ కళాశాలలో పట్టము పొందినారు. పట్టభద్రులందరూ సర్కారు కొలువులకై పరుగులెత్తే ఆ రోజులలో ఆయన వర్తకం వైపు మొగ్గినారు. కొన్నాళ్లు కలకత్తాలో ఉండి, పిమ్మట బొంబాయి చేరి, 1893లో అమృతాంజనం తయారీ ప్రారంభించినారు. సంగీత సభలలో దానిని ఉచితంగా పంచిపెట్టించే వారట. జనానికి వాసన అలవాటైన పిమ్మట అమ్మకం దానంతటదే వచ్చింది.

ధనం చేరింది. అంతటితో తృప్తిపడి ఉంటే ఆయన పేరు ఆ డబ్బా మూతమీదనే నిలిచిపోయేది. 1907లో సూరత్తు కాంగ్రెసుకు వెళ్లినారు. మితవాదులూ అతివాదులూ చీలిపోయిన ఆ సభ దేశమంతటా సంచలనం కలిగించింది. మరుసటి ఏడు, 1908లో, బొంబాయి నుండి ఆంధ్రపత్రికను వారపత్రికగా వెలువరించినారు. ఆ నగరంలో తెలుగువారు లేకపోలేదు. మిల్లులలోను, కట్టడపు పనులలోను వేలకొలది కూలీలు ఉండేవారు. అయినను పత్రికను చదివి చందా కట్టగలవారు అధికంగా ఉన్నది వందల మైళ్ల దూరాన, తెలుగునాట. వార్త పుట్టేది ఒకచోట, అచ్చయ్యేది మరొకచోట, చదివేది ఇంకొకచోట! ఆరేండ్లు అట్లే నడిపి, పత్రికను చెన్నపట్నానికి తరలించి దినపత్రికగా మార్చినారు. కొద్ది నెలలలోనే మహాయుద్ధం రావడంతో జనం వార్తలకై ఆత్రపడసాగినారు. పీటర్స్‌బర్గు పత్రికను కూల్చిన యుద్ధమే ఈ పత్రికకు పాఠకులను తెచ్చింది.

ఆయన చెన్నపట్నాన్నే ఎందుకు ఎంచుకొన్నారు? నాడు తెలుగు జిల్లాలకు రాజధాని అదే. శాసనసభ, హైకోర్టు, విశ్వవిద్యాలయం అన్నీ అక్కడనే. వ్యవహారం ఇంగ్లీషులో, వీధి తమిళంలో. మదనపల్లె, పుంగనూరు, కుప్పం వంటి సీమలవారికి ఈ సంగతి మరింత బాగా తెలుసు. 1911లో కడప నుండి మదనపల్లెను, ఉత్తరార్కాటు నుండి మరికొన్ని తాలూకాలను తీసి చిత్తూరు జిల్లాగా కూర్చినారు. కుప్పంలో తెలుగు, తమిళం, కన్నడం మూడూ కలుస్తాయి. బెంగుళూరుకు పోయే రైలు కుప్పం మీదుగానే పోతుంది. మదనపల్లెకు రైలు స్టేషను ఊరికి దూరం. పుంగనూరుకు అదీ లేదు. అట్టి సరిహద్దు ప్రాంతంలో, తమను పాలించే నగరంలో జరిగినదేమో తమ భాషలో చదువుకోగలగడం అల్ప విషయం కాదు.

పత్రిక కార్యాలయం తంబుచెట్టి వీధిలో ఉండేది. అమృతాంజనం లాభాలే పత్రికకు అండగా నిలిచినవి. 1924లో భారతి మాసపత్రిక, 1926లో ఆంధ్ర గ్రంథమాల వెలసినవి. కొమర్రాజు లక్ష్మణరావు గారు 1923లో కాలధర్మం చెందగా, ఆగిపోయిన ఆంధ్ర విజ్ఞాన సర్వస్వపు భారాన్ని కూడ పంతులుగారే తలకెత్తుకొన్నారు. ఉప్పు సత్యాగ్రహంలో చెరసాలకు వెళ్లినారు. అడిగినవారికి లేదనని ఆ చేతికి మహాత్ముడు విశ్వదాత అని పేరు పెట్టినాడు. లెక్క చూచుకోకుండా ఇచ్చిన దానివలన ఆయనకు ఋణములు కూడ తప్పలేదు. కాని అందుకు ఆయన చింతించిన దాఖలా కానరాదు.

ఆయన చివరి పెద్దపని రాయలసీమకు సంబంధించినది. ప్రత్యేకాంధ్ర రాష్ట్రం ఏర్పడితే కోస్తావారి పెత్తనం కింద పడతామన్న శంక సీమ నాయకులలో బలంగా ఉండేది. 1937 నవంబరు 16వ తేదీన చెన్నపట్నంలోని పంతులుగారి గృహం శ్రీబాగ్‌లో ఉభయ ప్రాంతాల నాయకులు కూర్చుండి ఒడంబడిక వ్రాసుకొన్నారు. తుంగభద్ర, కృష్ణ, పెన్న జలాలలో సీమకు ప్రాధాన్యం, అనంతపురంలో విశ్వవిద్యాలయ కేంద్రం, రాజధాని, హైకోర్టులలో ఏది కావాలో సీమవారే కోరుకొనే హక్కు అందులోని ముఖ్యాంశాలు. అయిదు నెలలు తిరగకమునుపే, 1938 ఏప్రిల్ 11వ తేదీన, పంతులుగారు కన్నుమూసినారు.

1953లో రాష్ట్రం ఏర్పడినప్పుడు రాజధాని కర్నూలుకు, హైకోర్టు గుంటూరుకు వెళ్లినవి. చెన్నపట్నం తమిళులకే మిగిలింది. పంతులుగారి అల్లుడు శివలెంక శంభుప్రసాద్ గారి చేతులమీదుగా సాగిన ఆంధ్రపత్రిక 1991 వరకు బ్రతికింది.