వెండి మడమల టోంటో

కౌబాయ్ సినిమా అంటే మన తెలుగువాళ్ళకి 1971లో వచ్చిన కృష్ణ గారి ‘మోసగాళ్ళకు మోసగాడు’ గుర్తుకొస్తుంది. దానికి తాతల్లాంటి అమెరికన్ వెస్టర్న్‌లలో గుర్రమెక్కిన తెల్ల హీరో పక్కన ఒక ఆదివాసి ఉండటం మామూలే. వాళ్ళలో అందరికన్నా పేరున్న ‘టోంటో’ వేషం కట్టిన జే సిల్వర్‌హీల్స్ మా ఒంటారియో మనిషే! సాఫ్ట్‌వేర్ ఉద్యోగిని, నాకు సినిమా చరిత్ర అంతంత మాత్రమే. అయినా ఆయన కథ మనవాళ్ళకు చెప్పాలనిపించింది.

అసలు పేరు హెరాల్డ్ స్మిత్. 1912లో బ్రాంట్‌ఫర్డ్ దగ్గర సిక్స్ నేషన్స్‌లో, మోహాక్ కుటుంబంలో పుట్టారు. తండ్రి మొదటి ప్రపంచ యుద్ధంలో కెనడా సైన్యాధికారి, మిలిటరీ క్రాస్ పొందినవారు. కొడుకు లక్రాస్ ఆటలో మేటి. ఆ రోజుల్లో వచ్చిన ముద్దుపేరే ‘సిల్వర్‌హీల్స్’, అంటే వెండి మడమలు. 1938లో గోల్డెన్ గ్లోవ్స్ బాక్సింగ్‌లోనూ రాణించారు.

హాస్యనటుడు జో ఇ. బ్రౌన్ ప్రోత్సాహంతో హాలీవుడ్‌లో అడుగుపెట్టి, దాదాపు పదేళ్ళు గుంపులో ఒకడిగా, స్టంట్‌మన్‌గా, పేరు కూడా లేని ఇండియన్‌గా నెట్టుకొచ్చారు. 1948లో ‘కీ లార్గో’లో చిన్న వేషం దక్కింది. 1950 నాటి ‘బ్రోకెన్ యారో’లో జెరోనిమోగా మెప్పించారు. కానీ అదే సినిమాలో అసలైన ఆదివాసి నాయకుడు కోచీస్ పాత్రను తెల్లజాతి నటుడు జెఫ్ చాండ్లర్‌కి ఇచ్చారు. ఆస్కార్ నామినేషన్ కూడా ఆయనకే వచ్చింది.

డెట్రాయిట్ రేడియోలో 1933లో మొదలైన ‘లోన్ రేంజర్’ 1949లో టీవీకి ఎక్కింది. 1957 దాకా నడిచిన 221 భాగాల్లో దాదాపు అన్నిటిలో టోంటో సిల్వర్‌హీల్సే. ఆ తరం పిల్లలకి ఆయన ఇంటిమనిషి. అయితే చక్కని ఇంగ్లీషు మాట్లాడే మనిషి చేత ముక్కలు ముక్కలుగా, వ్యాకరణం లేని ఇంగ్లీషు పలికించారు. స్పానిష్‌లో ‘టోంటో’ అంటే తెలివితక్కువవాడు!

ఆఫీసులో మన వెంకటేశ్వర్లు ‘వెంకీ’ అయిపోవడం, కాన్ఫరెన్స్ కాల్‌లో యాస మార్చుకోవడం మనకి కొత్త కాదు. కానీ మనం మన మాటను ఎదుటివాళ్ళకి అర్థమయ్యేలా మార్చుకుంటాం. ఆయన చేత రానివాడిలా మాట్లాడించారు. అది పొట్టకూటి కోసం ఒప్పుకున్న వేషం. ఆ వేషం ఆదివాసులను చిన్నబుచ్చిందన్న విమర్శ తర్వాత గట్టిగానే వచ్చింది.

ఆయన చేసిన పని చూడండి. 1969లో జానీ కార్సన్ టీవీ షోలో ఉద్యోగం వెతుక్కునే టోంటోగా కనబడి, తన పాత్రను తానే నవ్వులాటగా ఎండగట్టారు. అంతకన్నా ముఖ్యమైనది, 1960లలో లాస్ ఏంజలెస్‌లో ఆదివాసి నటుల కోసం శిక్షణా కేంద్రం నెలకొల్పడం. ఆదివాసి పాత్రలు ఆదివాసులకే దక్కాలని, వాళ్ళు ఆ పనిలో ఎవరికీ తీసిపోకూడదని ఆయన పట్టుదల.

1979లో హాలీవుడ్ వాక్ ఆఫ్ ఫేమ్‌లో ఆయన పేరిట నక్షత్రం వెలిసింది. మరుసటి ఏడాది మార్చి 5న కన్నుమూశారు. అస్థికలు సిక్స్ నేషన్స్‌కే చేరాయి. 1997లో కెనడా లక్రాస్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో చోటు లభించింది.

మనలో ముందు వచ్చినవాళ్ళు దొరికిన ఉద్యోగం చేశారు, తర్వాతివాళ్ళకి దారి చూపారు. అందుకే సిల్వర్‌హీల్స్ నాకు పరాయివాడిలా అనిపించరు. నయాగరాకు వచ్చే మిత్రులు వీలుచూసుకుని పిల్లలతో బ్రాంట్‌ఫర్డ్ వైపు కూడా రండి. జలపాతంతో పాటు ఈ నేల మనుషుల కథ కూడా వాళ్ళకి తెలియాలి.