చెస్టర్ ఆర్థర్

తప్పు త్రోవను విడిచి మరలుట కష్టము. ఆ త్రోవవలననే పెద్దవాడైన వానికి అది మరింత కష్టము. అట్టి కార్యమును సాధించినవాడు అమెరికా సంయుక్త రాష్ట్రముల అధ్యక్షుడు చెస్టర్ ఆర్థర్.

ఆర్థర్ 1829వ సంవత్సరమున వెర్మాంట్ రాష్ట్రమున జన్మించెను. అతని తండ్రి క్రైస్తవ మతబోధకుడు, బానిసత్వమును ద్వేషించినవాడు. ఆర్థర్ కళాశాల విద్య ముగించి, కొంతకాలము ఉపాధ్యాయుడుగా పనిచేసి, పిమ్మట న్యూయార్కు నగరమున న్యాయవాది యయ్యెను. ఆ నగరమున ఎలిజబెత్ జెన్నింగ్స్ అను నల్లజాతి ఉపాధ్యాయినిని గుఱ్ఱపు ట్రాముబండినుండి బలవంతముగ దింపివేసిరి. ఆమె పక్షమున వాదించి 1855లో ఆర్థర్ గెలిచెను.

1861లో అంతర్యుద్ధము చెలరేగెను. న్యూయార్కు రాష్ట్రసేనలో చేరిన ఆర్థర్‌కు సైనికుల వసతి, ఆహారము, దుస్తులు, ఆయుధములు సమకూర్చు భారము లభించెను. అతడు రణరంగమున పోరాడలేదు. కాని ఆ భారమును సమర్థతతో వహించి, 1862 చివర కొలువు విడిచెను.

1871లో అధ్యక్షుడు గ్రాంట్ అతనిని న్యూయార్కు రేవున సుంకాధికారిగా నియమించెను. దేశమునకు వచ్చు దిగుమతి సుంకములో అధికభాగము ఆ రేవుననే వసూలగుచుండెను. అక్కడ సుమారు వేయిమంది ఉద్యోగులుండిరి. వారిలో పెక్కురు యోగ్యతనుబట్టి గాక, రాజకీయ పక్షమునకు చేసిన సేవనుబట్టి కొలువు పొందినవారు. జీతములో కొంత పక్షమునకు చెల్లింపవలసి యుండెను. న్యూయార్కు రాజకీయ నాయకుడు కాంక్లింగ్ అండతో ఆర్థర్ ఆ పద్ధతినే సాగించెను. తుదకు విచారణ జరిగి, 1878లో అధ్యక్షుడు హేస్ అతనిని పదవినుండి తొలగించెను.

1880లో ఆర్థర్ ఉపాధ్యక్షుడుగా ఎన్నికయ్యెను. 1881 జూలై 2వ తేదీన, ఉద్యోగము దొరకలేదను కక్షతో ఒకడు అధ్యక్షుడు గార్‌ఫీల్డ్‌ను తుపాకితో కాల్చెను. సెప్టెంబరు 19న గార్‌ఫీల్డ్ మరణించెను. కాంక్లింగ్ అనుచరునిచేత దేశము చిక్కెనని ప్రజలు భయపడిరి. అంతకు కొలది దినములముందే, ఎన్నడును చూడని జూలియా శాండ్ అను రోగపీడితురాలు ఆర్థర్‌కు లేఖ వ్రాసెను. లోకుల భయమును అబద్ధము చేయుమనియు, సంస్కరణకు పూనుకొమ్మనియు ఆమె నిర్భయముగ హెచ్చరించెను. ఆర్థర్ కోపింపలేదు. మరుసటి సంవత్సరము స్వయముగ ఆమె యింటికేగి దర్శించెను.

అధ్యక్షుడైన ఆర్థర్‌తో, న్యూయార్కు సుంకాధికారిని తీసివేయుమని కాంక్లింగ్ పట్టుపట్టెను. ఆర్థర్ అంగీకరింపలేదు; తన్ను పెంచిన నాయకుని ఆగ్రహమునకు పాత్రుడయ్యెను. 1883 జనవరి 16న పెండిల్టన్ చట్టముపై సంతకము చేసెను. దానివలన కొన్ని ప్రభుత్వోద్యోగములకు పరీక్షలు ఏర్పడెను. పక్షమునకు చందా ఈయలేదని ఉద్యోగిని తొలగించుట నేరమయ్యెను. మొదట పదింట ఒక వంతు కొలువులకే వర్తించినను, ఆ చట్టము క్రమముగ విస్తరించెను. తన్ను పైకి తెచ్చిన నిచ్చెనను ఆర్థర్ తన చేతులతోనే తీసివేసెను.

మూత్రపిండముల వ్యాధితో కృశించి అతడు 1886 నవంబరు 18న మరణించెను. తుదిదినములలో తన కాగితములను పెక్కింటిని కాల్పించెను. జూలియా శాండ్ లేఖలు మాత్రము మిగిలెను. గతమున చేసిన తప్పులు మనుజుని భవిష్యత్తునకు సంకెళ్లు కానక్కరలేదని ఆర్థర్ జీవితము చాటుచున్నది.